యుద్ధకాల చలచ్చిత్రములందు మృగపాత్రములు

మృగపక్షులచే మాటలాడించి మనుష్యులకు నీతి గఱపుట భరతఖండమున మిక్కిలి ప్రాచీనమైన సంప్రదాయము. మహిలారోప్యపురము నేలిన యమరశక్తి తన మువ్వురు కుమారుల మౌఢ్యమునకు వగచి వారిని విష్ణుశర్మ కప్పగింపఁగా, నతఁడు సింహమును, ఎద్దును, కాకిని, గుడ్లగూబను, తాఁబేలును ముందిడుకొని రాజనీతి నుపదేశించెనని పంచతంత్రము చెప్పుచున్నది. పరవస్తు చిన్నయసూరి నీతిచంద్రిక (1853) మూలమున నందలి మిత్రలాభ మిత్రభేదములు తెలుఁగు పాఠశాలల బాలురకుఁ బరిచితములైనవి. ఇట్టి బోధనమున మృగమొక ముసుఁగు. రాజు చేసిన తప్పు నెత్తి చూపుట యాపద. నక్క చేసిన తప్పు నెత్తి చూపుట వినోదము. శాస్త్రము చెప్పినఁ జెవియొగ్గని బాలుఁడు కాకికథ చెప్పినఁ దుదిదాఁక విని యింకొకటి చెప్పుమనును.

రెండవ ప్రపంచయుద్ధమునకుఁ గొంచెము ముందునుండి, ఆ యుద్ధము ముగిసిన పిమ్మటఁ గొన్నియేండ్ల వఱకును, పెక్కుదేశముల ప్రభుత్వము లీ ముసుఁగునే తాల్చి తమ ప్రజలకుఁ బాఠములు చెప్పినవి. కథ తాళపత్రమునుండి తెఱమీఁది కెక్కినది. చెప్పువాఁడు పండితుఁడు గాక ప్రభుత్వశాఖ యైనది. వినువారు మువ్వురు రాజకుమారులు గాక లక్షలకొలఁది పౌరులైరి. బాతు, ఎలుక, పంది, కోఁతి, తాఁబేలు మొదలగునవి దీపము లార్పుటయు, శత్రువిమానముల చప్పుడు కనిపెట్టుటయు, వంటయింటి క్రొవ్వు గూడఁబెట్టుటయు, వదంతులను నమ్మకుండుటయు, బాంబు పడినపుడు తలదాఁచుకొనుటయు నేర్పినవి. ఆ బోధన మెంతవఱకు సత్యము, ఎంతవఱకు సాంత్వనమాత్రము అనునది విచారింపఁదగిన విషయము.

వైమానికయుద్ధము క్రొత్తదేయైనను దానికిఁ బోలిక యగు కథ మన వాఙ్మయమున లేకపోలేదు. పంచతంత్రమున మూఁడవ తంత్రమగు కాకోలూకీయమందు, కాకుల రాజగు మేఘవర్ణుఁ డొక మఱ్ఱిచెట్టుపై సపరివారముగ వసించుచుండఁగా, గుడ్లగూబల రాజగు అరిమర్దనుఁడు కాకులకుఁ గన్నుగానని రాత్రివేళ నాకాశమార్గమున వచ్చి చిక్కిన కాకుల నెల్లఁ జంపి పోవుచుండెను. భారతమున సౌప్తికపర్వమందును, నిద్రించు కాకులను గుడ్లగూబ వధించుట చూచియే యశ్వత్థామ పాండవశిబిరముపై రాత్రిదాడికి నిశ్చయించుకొనెను. అట్టి యాపద కలిగినపుడు మేఘవర్ణుఁడు తన మంత్రుల నైదుగురను బిలిచి సంధి, విగ్రహ, యాన, ఆసన, సంశ్రయములలో నేది యుచితమని యడిగెను. తుదకు వృద్ధమంత్రి స్థిరజీవి ద్వైధీభావము నవలంబించి, శత్రువులఁ జేరి నమ్మించి, వారి గుహద్వారమునఁ బుల్లలు పేర్చి నిప్పంటింపఁజేసెను. ఈ కథయందలి నీతి యంతయు రాజునకును మంత్రులకును జెప్పఁబడినదే. కొమ్మపై గూడు గట్టుకొన్న సామాన్యపుఁ గాకి యా రాత్రివేళల నేమి చేయవలెనో, పిల్లల నెక్కడ దాఁచుకొనవలెనో కథ చెప్పదు. రక్షణము రాజధర్మము, ప్రజ రక్షింపఁబడునదే గాని రక్షణమునఁ బాల్గొనునది కాదు.

విమానము యుద్ధసాధనమైన పిమ్మట నీ విభాగము నిలువలేదు. 1915లో జర్మనుల జెప్పెలిను వాయునౌకలు లండనుపై బాంబులు వేసినవి. 1937 ఏప్రిలు 26వ తేదీని స్పెయినుదేశపు గెర్నికా పట్టణము బాంబులచే దగ్ధమయ్యెను. రణరంగమునకును గృహప్రాంగణమునకును నడుమ నెల్ల లేకుండఁ బోయెను. ఆ సంవత్సరముననే జపానుదేశము గగనరక్షణ శాసనమును, బ్రిటను వైమానికదాడుల ముందుజాగ్రత్త శాసనమును జేసినవి. రెండవదాని యింగ్లీషు పేరులోని తొలి యక్షరములగు ఎ. ఆర్. పి. యనునవి యుద్ధకాలమున మన పట్టణములలోఁగూడ నందఱి నోటను వినవచ్చినవి. కిటికీలకు నల్లగుడ్డ గట్టుట, ఇసుక బకెట్లు సిద్ధపఱచుకొనుట, సైరను కూసినంతనే కందకమునఁ జొచ్చుట యనునవి మంత్రిసభలో నేర్పఁదగిన విద్యలు గావు. అవి వంటయింటను, వీథిలోను, బడిలోను నేర్పవలసినవి. చదువురానివారికిని, పసివారికిని, భయముచే బుద్ధి చెదరినవారికిని నేర్పవలసినవి. ఇందులకే ప్రభుత్వములు బొమ్మల చలచ్చిత్రముల నాశ్రయించినవి.

బొమ్మల చలచ్చిత్ర మనఁగా, చిత్రకారులు పారదర్శకములగు సెల్యులాయిడు రేకులపైఁ గదలిక వెంటఁ గదలిక వ్రాసి, వానిని వరుసగ ఛాయాగ్రహణము చేసి, తెఱపై సెకండునకు 24 ఛాయల చొప్పునఁ బ్రదర్శించునది. ఒక నిమిషపు చిత్రమునకు 1,440 ఛాయలు కావలెను. ఈ కళ పౌరరక్షణ బోధనమున కనుకూలించుటకుఁ గారణములు మూఁడు గలవు. మొదటిది, చేయవలసిన పనిని మాటలతో నిమిత్తము లేక చేతలలోఁ జూపవచ్చును. రెండవది, అందలి జంతువులు ప్రజల కదివఱకే చిరపరిచితములు. వాని మొగము చూచినంతనే చిఱునవ్వు వచ్చును. మూఁడవది యన్నింటికంటె ముఖ్యము: బొమ్మజంతువు చావదు. బాంబు ప్రేలినను, కొండపైనుండి పడినను, మసిబాఱిన మొగముతో లేచి మరల నడచును.

ఈ మూఁడవ లక్షణమే యీ చిత్రములను బంచతంత్రమునుండి వేఱుపఱచుచున్నది. విష్ణుశర్మ కథలలో జంతువులు చచ్చును. దమనకుని మాటలచే సంజీవకుఁడు సింహముచేఁ జంపఁబడును. రెండు హంసలు పట్టిన కఱ్ఱను నోటఁ గఱచుకొని యాకసమునఁ బోవుచున్న కంబుగ్రీవుఁడను తాఁబేలు మౌనము విడిచి పడి ప్రాణములు గోల్పోవును. తప్పునకు ఫలము మరణ మని కథ నిర్మొగమాటముగఁ జెప్పును. చలచ్చిత్రమునందలి జంతువు భయమును బోఁగొట్టి బోధించును. భయముతోఁబాటు ఆపదయొక్క నిజస్వరూపమునుగూడఁ బోఁగొట్టుట యిందలి దోషము. ఈ గుణదోషములు రెండును దేశముల వారిగఁ జూడఁదగినవి.

అమెరికాలో నీ బోధనమునకు వాల్ట్ డిస్నీ చిత్రశాల ముఖ్యస్థానము. 1941 డిసెంబరులో నా దేశము యుద్ధమునఁ బ్రవేశించినంతనే కోశాగార కార్యదర్శి హెన్రీ మార్గెంథో, క్రొత్తగఁ బన్ను చెల్లింపవలసి వచ్చిన సామాన్యజనులకు దాని యావశ్యకతను దెలుపు చిత్రమును గోరెను. డిస్నీ తన యింటి నటుఁడగు డొనాల్డ్ బాతును ముందు నిలిపెను. అధికారులు మొదట సంశయించిరి. పన్ను కట్టు పౌరునిఁ జూపుటకుఁ గ్రొత్త పాత్రము కావలెనని వారి యాలోచన. ప్రసిద్ధ నటుని నిచ్చినట్లే డొనాల్డు నిచ్చుచున్నానని డిస్నీ బదులు చెప్పెను. 1942లో వెలువడిన ఆ చిత్రము "ది న్యూ స్పిరిట్". అందు బాతు రేడియో చెప్పిన మాట విని, విసుగుకొని, తుదకు సంతోషముగఁ బన్ను చెల్లించును. చిత్రము చూచినవారిలో నూటికి 37 మంది తమ పన్ను చెల్లింపు సంకల్పమున కది తోడ్పడినదని గాలప్ అభిప్రాయసేకరణమునఁ జెప్పిరి. అయినను దాని వ్యయము 80,000 డాలర్లకు ధనము మంజూరు చేయ శాసనసభ నిరాకరించుటచే వివాద మొకటి పుట్టెను. బొమ్మబాతు చెప్పిన మాట పౌరులకు రుచించినను శాసనసభ్యుల కంతగ రుచింపలేదు.

ఆ సంవత్సరముననే వచ్చిన మఱియొక చిత్రమున మిన్నీ యను నెలుక పెనములో మిగిలిన మాంసపుఁ గ్రొవ్వును ప్లూటో యను కుక్కకుఁ బెట్టఁబోవును. క్రొవ్వునుండి గ్లిసరినును, గ్లిసరినునుండి ప్రేలుడు పదార్థమును వచ్చుననియు, పాఱవేయు క్రొవ్వు తుపాకిగుండగుననియు రేడియో చెప్పును. కుక్క తన యాశ నణఁచుకొని డబ్బాను నోటఁ గఱచుకొని మాంసపుఁ గొట్టునకుఁ దీసికొనిపోవును. ఇందు నేర్పఁబడిన పని చిన్నది, చేయఁదగినది, ఫలించునది. నేర్పిన పనికిని గోరిన ఫలమునకును గల సంబంధము సత్యము. ఇట్టి చోట మృగముసుఁగు దేనిని దాఁచదు. ఈ జాతి చిత్రములలో నిది యుత్తమమైన వానిలోఁ జేరును.

గగనరక్షణమును నేరుగఁ దడవిన చిత్రములలో 1942నాఁటి "ఎయిర్ రెయిడ్ వార్డెన్" ఒకటి. వాల్టర్ లాంట్జ్ చిత్రశాల దీనిని నిర్మించెను. ఆండీ పాండా యను పాత్రము వైమానికదాడి పర్యవేక్షకుఁడుగ నిందుఁ గనఁబడును. 1943 నవంబరులో వెలువడిన డిస్నీవారి "హోం డిఫెన్స్" మఱియొకటి. అందు డొనాల్డు సముద్రతీరమున శత్రువిమానముల ధ్వని నాలకించు స్థావరమున నుండి నిద్రించును. అతని మేనల్లుండ్రు మువ్వురు ఆటవిమానము నెగురవేసి యతనిని భయపెట్టుదురు. అతఁడు వారి నా కొలువునుండి వెడలఁగొట్టును. పిమ్మట శబ్దగ్రాహక యంత్రమునఁ దేనెటీఁగ దూఱి చేసిన రొదయే శత్రువిమానమని తలఁచి మరల వారిని బిలుచును. కావలివాఁడు నిద్రింపరాదనుటయు, ఆటకై యాపదను నటింపరాదనుటయు నిందలి నీతి. ఈ నవ్వు సాధ్యమగుట కొక కారణము కలదు. అమెరికా ప్రధానభూభాగమున నే నగరమును బాంబులపాలు కాలేదు. పౌరుల విమాన పరిశీలనాకేంద్రములు 1944లో మూయఁబడెను. ఆపద దూరముగ నున్నప్పుడే తేనెటీఁగను జూచి నవ్వవచ్చును.

అమెరికా చిత్రములలో విష్ణుశర్మ మార్గమున నడచినది యొక్కటి కలదు. 1943 డిసెంబరులో వచ్చిన "చికెన్ లిటిల్" అనునది యాకసము విఱిగి పడుచున్నదని భ్రమించిన కోడిపిల్ల కథ. ఈ కథకు బౌద్ధుల దద్దభజాతకము జ్ఞాతి. అందుఁ బండు రాలిన చప్పుడు విని కుందేలు భూమి బ్రద్దలగుచున్నదని పరుగిడును. డిస్నీ చిత్రమున నక్క యొకటి మనశ్శాస్త్రగ్రంథమును జదివి, కోళ్ల దొడ్డిలో మెల్లమెల్లగ వదంతులు పుట్టించి, నాయకునిపై నమ్మకము పోఁగొట్టి, ఆకసము పడుచున్నదని బుద్ధి తక్కువైన కోడిపిల్లచేఁ బలికించి, కోళ్లనెల్లఁ దన గుహలోనికిఁ దోలుకొనును. కథ సుఖాంతమగునని చూపఱు లెదురుచూచుచుండఁగా నక్క వానినన్నిటిని దినివేయును. ఎముకలు సమాధిఱాళ్లవలె వరుసగ నాటఁబడియుండును. పంచతంత్రమునఁ గొంగ పండ్రెండేండ్ల కఱవు రానున్నదని చేఁపలను భయపెట్టి, వేఱొక చెఱువున విడిచెద నని యొక్కొక్కదానిని గొనిపోయి తినుట యిట్టిదియే. వదంతి యుద్ధకాలమున బాంబుతో సమానమని పౌరులకుఁ జెప్పుటకు డొనాల్డుకంటె నీ కోడిపిల్ల తగిన గురువు. ఏలయన నిందు నమ్మినవారు చత్తురు.

పౌరులను బాతులుగను గోళ్లుగను జూపిన కళయే శత్రువులను దోడేళ్లుగను నక్కలుగను జూపెను. కెనడా ప్రభుత్వమునకై డిస్నీ చేసిన "ది థ్రిఫ్టీ పిగ్" (1941) అను చిత్రమున, 1933నాఁటి మూఁడు పందిపిల్లల కథలోని తోడేలు భుజమున నాజీల స్వస్తికను ధరించి వచ్చును. ఇటుకయిల్లు యుద్ధపు పొదుపు పత్రములతోఁ గట్టఁబడియుండును. టెక్స్ ఏవరీ దర్శకత్వమున 1942లో వచ్చిన "బ్లిట్జ్ వుల్ఫ్" చిత్రమునను ఇదే కల్పన. ఒడంబడికను నమ్మిన రెండు పందిపిల్లలు తమ యిండ్లను గోల్పోవఁగా, మూఁడవది తన యింటిని గోటగ మార్చుకొనును. శత్రుపక్షమునఁగూడ నిట్టి కల్పన కలదు. జర్మనీలో హాన్స్ హెల్డ్ 1940లో నిర్మించిన "డెర్ ష్టోరెన్‌ఫ్రీడ్" అను చిత్రమున, అడవిజంతువులను బాధించు నక్కపై కందిరీఁగలు విమానశ్రేణులవలెను, ముండ్లపందులు లోహపు శిరస్త్రాణములు ధరించిన కాల్బలమువలెను దాడి చేయును. ఒక దేశపు నక్క మఱియొక దేశమున ముండ్లపంది. ఎవరి తెఱపై వారు పీడితులు, ఎదుటివారు క్రూరమృగములు. హితోపదేశపు విగ్రహమున హంసరాజునకు మయూరరాజునకు యుద్ధము కలుగును గాని, ఇరువురును రాజులే, ఇరువురికిని మంత్రులు గలరు, తుదకు సంధియగును. కందుకూరి వీరేశలింగము పంతులుగారు విగ్రహమును సంధిని దెనిఁగించి యా కథాక్రమమును బూర్తిచేసిరి. యుద్ధకాల చలచ్చిత్రములందు విగ్రహ మున్నది గాని సంధి లేదు.

జపానుదేశమున నీ చరిత్ర మఱింత విచారకరము. అచట సంకిచి యను కోఁతి నాయకుఁడుగాఁ గల "ఒసారు సంకిచి" చిత్రములలో నొకటి గగనరక్షణ యుద్ధమును గుఱించినది. సెవో మిత్సుయో చేసిన యా చిత్రము 1933లో వెలువడినది. ఆ సంవత్సరమే ఆగస్టు నెలలోఁ దోక్యో చుట్టునుగల కాంటో సీమయందు మహాడంబరముగ గగనరక్షణాభ్యాసము జరిగెను. "షినానో మైనిచి" పత్రికా సంపాదకుఁడు కిర్యూ యూయూ ఆగస్టు 11వ తేదీని దానిని బరిహసించుచు సంపాదకీయము వ్రాసెను. శత్రువిమానములు రాజధాని మీఁదికి వచ్చుటయే యోటమి యనియు, కొయ్యయిండ్ల నగరము 1923నాఁటి భూకంపమునందువలె దగ్ధమగుననియు నతని వాదము. సైనికాధికారులకుఁ గోపము వచ్చెను. సంపాదకుఁడు పదవిని విడువవలసివచ్చెను. కోఁతి చెప్పిన పాఠము తెఱపై నిలిచెను. మనుష్యుఁడు చెప్పిన సత్యము పత్రికనుండి తొలఁగింపఁబడెను.

1941లో సవరింపఁబడిన గగనరక్షణ శాసనము పౌరులు పట్టణములు విడిచిపోవుటను నిషేధించుటకు నధికారమిచ్చి, నిప్పార్పుటను వారి విధిగఁ జేసెను. బకెట్లతో నీరందించుకొని యగ్నిబాంబుల నార్పవలెనని యిరుగుపొరుగు సంఘములు నేర్పినవి. చలచ్చిత్రములు రక్షణమునుండి దాడివైపు దిరిగినవి. సెవో మిత్సుయో నౌకాశాఖ ప్రోత్సాహమున 1943లో "మొమొతారో సముద్రపు గ్రద్దలు" అను 37 నిమిషముల చిత్రమును, 1945లో "మొమొతారో సముద్రపు దివ్యసైనికులు" అను 74 నిమిషముల చిత్రమును నిర్మించెను. పీచు పండునుండి పుట్టిన మొమొతారో యను బాలుఁడు కుక్క, కోఁతి, నెమలిజాతి పక్షి యొకటి తోడుగ రాక్షసద్వీపమును జయించుట యచటి జానపదకథ. మొదటి చిత్రమున రాక్షసద్వీపము అమెరికనుల పెర్ల్ హార్బరు రేవే. రెండవదానిలో సైనికజంతువులు స్వగ్రామమునఁ దలిదండ్రుల వీడుకొని దక్షిణద్వీపమునకుఁ బోవును. అచటి యేనుఁగులు మొదలగు వన్యమృగములకు జపాను అక్షరములు పాటగ నేర్పును. గొడుగులతో నాకసమునుండి దుమికి కొమ్ములుగల శత్రువులను లొంగఁదీయును. చివర, ఇంటనున్న చిన్నజంతువులు నేలపై వ్రాసిన యమెరికా పటముమీఁదికి దుముకుచు నాడుకొనును.

ఆ రెండవ చిత్రము 1945 ఏప్రిలులోఁ బ్రదర్శితమయ్యెను. అంతకు నెలదినములకు ముందు, మార్చి 10వ తేదీ రాత్రి, తోక్యోపై వేయఁబడిన యగ్నిబాంబులచే సుమారు లక్షమంది చనిపోయిరి. బకెట్ల నీరు వానికిఁ జాలలేదు. నిలిచి యార్పఁబోయినవారు పాఱిపోవలసిన సమయమును గోల్పోయిరి. పండ్రెండేండ్ల క్రిందట సంపాదకుఁడు చెప్పినదే జరిగెను. చిత్రమును జూడవలసిన పిల్లలలోఁ బెక్కండ్రు 1944నుండియే పల్లెలకుఁ బంపఁబడిరి. ఒసాకాలో దానిని జూచిన పదునాఱేండ్ల బాలుఁడు తెజుకా ఒసాము కన్నీరు గార్చి, తానును బొమ్మల చిత్రములు చేయుదునని నిశ్చయించుకొనెను. యుద్ధానంతర జపాను చిత్రకథలకు నతఁడే మూలపురుషుఁడయ్యెను. నశించెననుకొన్న యా చిత్రము మరల దొరకి 1984లోఁ బ్రదర్శింపఁబడినది.

తెఱపై మృగములు పౌరరక్షణము నేర్పుచుండఁగా, తెఱ వెలుపల నా పౌరరక్షణము పేరనే మృగములు చంపఁబడినవి. 1943 ఆగస్టులోఁ దోక్యో పాలకుఁడు ఓదాచి షిగెవో, బాంబులు పడినచో బోనులు విఱిగి క్రూరమృగములు వీథులఁ బడునను కారణమున, ఉఎనో జంతుశాలలోని సింహములు, పులులు, ఎలుఁగుబంట్లు మొదలగువానిని జంపుమని యుత్తరువిచ్చెను. విషము గలిపిన దుంపల నేనుఁగులు ముట్టలేదు. అందుచే జాన్, వాన్రీ, టోంకీ యను మూఁడేనుఁగులకు నాహారము మానిపించిరి. జాన్ ఆగస్టు 29న, వాన్రీ సెప్టెంబరు 11న, టోంకీ సెప్టెంబరు 23న మరణించినవి. సెప్టెంబరు 4వ తేదీని జంతువుల యాత్మశాంతికై బౌద్ధ సన్యాసులు పూజలు జరిపిరి; అప్పటికి రెండేనుఁగు లింకను బ్రదికియే యుండెను. ఆ కాలమునఁ దోక్యోపై నెడతెగని బాంబుదాడు లింకను మొదలుకాలేదు. అవి 1944 నవంబరులోఁ బ్రారంభమైనవి. కావున నీ వధ తక్షణరక్షణమునకుఁ గాక, రాఁబోవు ఘోరమును బ్రజల మనస్సుల కెక్కించుటకై చేయఁబడిన పాఠమని చరిత్రకారులు కొందఱు తలఁచుట యుక్తముగ నున్నది. తెఱపైఁ జావని జంతువు చెప్పలేని పాఠమును బోనులోఁ జచ్చిన జంతువుచేఁ జెప్పించిరి. దక్షిణద్వీపపు టేనుఁగులు సంతోషముతో నక్షరములు దిద్దు చిత్రము తరువాత రెండేండ్లకు వచ్చినది.

ఇది జపానునకుమాత్రమే చెల్లిన నింద కాదు. 1939 సెప్టెంబరులో యుద్ధము ప్రకటింపఁబడిన కొలఁదిదినములలోనే లండను పౌరులు తమ పెంపుడు కుక్కలను బిల్లులను, ఒక లెక్క ప్రకారము సుమారు 4 లక్షలను, జంపించిరి. అప్పటి కా నగరముపై నొక్క బాంబును బడలేదు. తెలుఁగుదేశమునకు నీ చరిత్రతో సంబంధము కలదు. 1942 ఏప్రిలు 6వ తేదీని జపానువారి విమానవాహక నౌకనుండి లేచిన విమానములు విశాఖపట్టణముపైని కాకినాడపైని బాంబులు వేసెను. నాఁటి రాజధానియగు మదరాసునఁ గల్లోలము చెలరేఁగి ప్రజలు వేలకొలఁది నగరము విడిచిరి. ప్రభుత్వ కార్యాలయములు పెక్కులు లోపలి పట్టణములకుఁ దరలింపఁబడెను. ఆ నెలలోనే పీపుల్స్ పార్కు జంతుశాలలోని సింహములు, పులులు, చిఱుతపులులు పోలీసులచేఁ గాల్చి చంపఁబడెను. ఆంధ్రతీరమునఁ బడిన బాంబుల ప్రతిధ్వని మదరాసు బోనులలో వినఁబడినది.

యుద్ధము ముగిసిన పిమ్మటఁ దోక్యో బాలురు తమకొక యేనుఁగు కావలెనని కోరఁగా, 1949లో జవహర్లాలు నెహ్రూ తన కుమార్తె పేరుగల "ఇందిర" యను నేనుఁగును భారతదేశమునుండి యుఎనో జంతుశాలకుఁ బంపెను. బాలురు చూడఁగోరినది బొమ్మయేనుఁగును గాదు, ప్రాణమున్న యేనుఁగును.

అణుబాంబు పుట్టిన తరువాత నీ సంప్రదాయము తన తుదిమెట్టు నందుకొనినది. 1949 ఆగస్టులో సోవియట్ రష్యా యణ్వస్త్రమును బరీక్షింపఁగా, అమెరికా ప్రభుత్వము పౌరరక్షణ సంస్థ నొకదానిని నెలకొల్పి, బడిపిల్లలకై "డక్ అండ్ కవర్" అను తొమ్మిది నిమిషముల చిత్రమును జేయించి, 1952 జనవరిలోఁ బ్రదర్శించెను. తల దించి దాఁగుమని దాని పేరున కర్థము. అందు శిరస్త్రాణము ధరించి రెండుకాళ్లపై నడచు బర్ట్ అను తాఁబేటిముందు, చెట్టునఁ గూర్చున్న కోఁతి కఱ్ఱకు వ్రేలాడఁగట్టిన టపాకాయను జూపును. తాఁబేలు చటుక్కునఁ దల, కాళ్లు, చేతులు లోనికి ముడుచుకొనును; టపాకాయ ప్రేలినను దానికేమియు గాదు. తరువాత నిజమైన బాలురు బల్లల క్రింద దూఱుటయు, వీథిలో గోడప్రక్కఁ బడుకొనుటయుఁ జూపఁబడును.

మన శాస్త్రములందు నంగములు ముడుచుకొను తాఁబేలు సుప్రసిద్ధమైన యుపమానము. భగవద్గీత రెండవ యధ్యాయమున స్థితప్రజ్ఞుఁడు విషయములనుండి యింద్రియముల నట్లు మరలించుకొనును. మనుస్మృతి యేడవ యధ్యాయమున రాజు తన రాజ్యాంగములయందలి లోపముల నట్లు దాఁచుకొనును. రెండును సంకల్పపూర్వకమైన నిగ్రహమును జెప్పునవి. బర్ట్ నేర్పినది నిగ్రహము గాదు, అభ్యాసబలమునఁ గలుగు తక్షణప్రతిక్రియ. ఆ బోధనము పూర్తిగ నసత్యమనరాదు. బాంబునకుఁ జాల దూరమున వెలుఁగు ముందును, వాయుఘాతము కొన్ని సెకండ్ల తరువాతను వచ్చును. ఆ నడుమ దాఁగినవానికిఁ బగిలిన గాజుముక్కలు తగులవు. 2013 ఫిబ్రవరి 15వ తేదీని రష్యాలోని చెల్యాబిన్స్క్ నగరముపై నుల్క ప్రేలినపుడు సుమారు 1,500 మంది, ముఖ్యముగ గాజుముక్కలచే, గాయపడిరి. ఒక బడిలో నుపాధ్యాయురాలు వెలుఁగు చూచినంతనే తరగతిలోని 44 మంది బాలురను బల్లల క్రింద దూఱుమనెను. వారిలో నొకరికిని గాయము గాలేదు. ఆమెకుమాత్రము గాజు కోసికొనెను.

కాని చిత్రము దూరమును గుఱించి చెప్పదు. ఎంత దూరమునఁ దాఁబేటి డొప్ప పనికివచ్చును, ఎంత దగ్గఱఁ బనికిరాదు అను విభాగ మందు లేదు. కంటికిఁ గనఁబడని వికిరణమును గుఱించి యొక్కమాటయు లేదు. చిత్రము వెలువడిన రెండేండ్లకే, 1954 మార్చి 1వ తేదీని, బికినీ దీవియందు ప్రేల్చఁబడిన యుదజనిబాంబు హిరోషిమా బాంబునకు వేయిరెట్లు బలముగలదయ్యెను. టపాకాయ యను నుపమానము దానికెంతమాత్రమును దగదు. ఆపద పెరిగినది, పాఠము పెరుగలేదు. బల్లల క్రింద దూఱిన యా తరమువారు పెద్దవారై దానిని గొందఱు భయముగను, కొందఱు పరిహాసముగను స్మరించిరి. 2004లో నా చిత్రము అమెరికా జాతీయ చలచ్చిత్ర సంగ్రహమునఁ జేర్పఁబడినది; అప్పటి కది రక్షణపాఠము గాదు, చరిత్రకు సాక్ష్యము.

ఈ యంశముల నన్నింటిని గూర్చి చూడఁగా, మృగముసుఁగు స్వతః దోషము గాదని తేలుచున్నది. మిన్నీ యెలుక క్రొవ్వు గూడఁబెట్టుటయందును, కోడిపిల్ల వదంతిచే నశించుటయందును నేర్పిన మాటకును లోకమునకును బొత్తు కుదిరినది. పని చిన్నదైనను ఆపదకుఁ దగినదైనచో జంతువు మంచి గురువే. ఆపద పనికంటె మిక్కిలి పెద్దదైనపుడు, చావని జంతువును గురువుగ నిలుపుట వినువారి నమ్మకమును దోఁచుకొనుటయే. బకెట్టు చేతఁబట్టి నిలిచినవాఁడును, బల్లక్రింద దూఱిన బాలుఁడును గురువు చెప్పినట్లే చేసిరి. తప్పిపోయినది వారి విధేయత గాదు.

పంచతంత్రారంభమున విష్ణుశర్మ రాజునొద్ద నగ్రహారములు పుచ్చుకొన నిరాకరించి, ఆఱునెలలలో నీ కుమారులను నీతిశాస్త్రజ్ఞులను జేయనేని నా పేరు విడుతునని ప్రతిజ్ఞ చేసెను. బోధనము వ్యర్థమైనచో నష్టము బోధకునిదని దాని భావము. గగనరక్షణ చిత్రములు చేయించిన ప్రభుత్వములలో నట్టి ప్రతిజ్ఞ చేసినది కనఁబడదు. పాఠము తప్పైనపుడు నష్టము తోక్యోలోని గృహస్థునిది, ఉఎనోలోని యేనుఁగుది, మదరాసు బోనులోని పులిది యయ్యెను. కథాగురువును దెఱగురువును బోల్చి చూచువారు మొదటఁ బరికింపవలసిన భేద మిదియే.